వెలుగు, నాదం, కాలం: ఒక బడిగది



మా మనవడు ఆర్కిటెక్చరు చదువుతున్నాడు. సెలవులకు వచ్చినప్పుడు తన కంప్యూటరు తెరచి ఒక బొమ్మ చూపించాడు. అదొక ఊహాభవనం. ప్రొద్దు పొడిచేవేళ దాని గోడలు ఒక రంగులో ఉంటాయి, మధ్యాహ్నానికి మరొక రంగు దాలుస్తాయి. గంట గంటకూ గోడలలోనుండి ఒక్కొక్క స్వరం వినవస్తుంది. లోపల నడిచే మనిషి అడుగులను బట్టి దీపాలు వెలుగుతాయి, ఆరుతాయి. వెలుగునూ, నాదాన్నీ, కాలాన్నీ ఇటుకల వలె, సున్నం వలె వాడే ఒక కొత్త కట్టడపు శైలిని ఊహించి రమ్మన్నారట వాళ్ళ అధ్యాపకులు. "తాతయ్యా, దీనికి తెలుగులో మంచి పేరొకటి పెట్టు" అన్నాడు.

తెలుగు పండితుణ్ణి కదా, పేర్లు పెట్టడం నాకు వెన్నతో పెట్టిన విద్య అని వాడి నమ్మకం. నేను వెంటనే పేరు చెప్పలేదు. "కరెంటు పోతే ఈ భవనం ఏమవుతుందిరా?" అని అడిగాను. వాడు నవ్వి, "ఏముంటుంది తాతయ్యా, మామూలు గోడలే మిగులుతాయి" అన్నాడు.

ఆ జవాబు నన్ను వదలలేదు. వాడికి అప్పుడు చెప్పలేకపోయినదాన్ని ఈ టపాలో చెప్పదలచుకున్నాను. నా అభిప్రాయం ముందే చెబుతాను. వెలుగూ, నాదమూ, కాలమూ ఏ కట్టడంలోనైనా ఎల్లప్పుడూ ఉంటాయి. కట్టేవాడు వాటిని గౌరవిస్తే మనకు ఊడిగం చేస్తాయి. పట్టించుకోకపోతే పగబడతాయి. పగబడినప్పుడు ఆ దెబ్బ తినేది మేస్త్రీ కాదు, కాంట్రాక్టరు కాదు. చివరి బెంచీలో కూర్చున్న పిల్లవాడు.

*

మొదట నా చదువు నుండే ఒక మాట. ఛందస్సులో మాత్ర అంటే కాలపు కొలత. హ్రస్వానికి ఒక మాత్ర, దీర్ఘానికి రెండు, ప్లుతానికి మూడు. ఒక మాత్ర ఎంత అన్నదానికి రెప్పపాటు కాలమని పెద్దలు ఒక గుర్తు చెప్పారు. కొలవవలసినది ధ్వని. కొలిచేది కాలంతో. ఆ కాలానికి గుర్తు, కంటికి వెలుగు ఒక్కసారి మరుగై మళ్ళీ కనబడేంత వ్యవధి. మనవడు వెదకుతున్న మూడూ ఒక చిన్న పారిభాషిక పదంలో కాపురముంటున్నాయి. పాణిని హ్రస్వ దీర్ఘ ప్లుతాలను ఉకారంతో చూపాడు. కోడికూతలో ఆ మూడు ఉకారాలూ వరుసగా వినబడతాయి గనుక అని సంప్రదాయం చెప్పే వివరణ. కోడి కూసేవేళ తెల్లవారుతుందని వేరే చెప్పనక్కరలేదు.

మాటలో ఉన్న ఈ కలయిక రాతిలో కూడ ఉన్నది. శ్రీకాకుళం ప్రక్కన అరసవల్లి సూర్యనారాయణస్వామి కోవెల మన తెలుగువారందరికీ తెలిసినదే. ఏటా మార్చి 10 ప్రాంతంలోనూ, అక్టోబరు 2 ప్రాంతంలోనూ ఉదయపు కిరణాలు మండపం దాటి గర్భాలయంలోని స్వామి పాదాలను తాకుతాయి. భక్తులకు అది మహిమ. నేనూ చేతులు జోడించినవాణ్ణే. అయితే ఆ రెండు తేదీలే ఎందుకు అన్న ప్రశ్నకు చక్కని జవాబున్నది. మార్చి 20 ప్రాంతంలో సూర్యుడు సరిగా తూర్పున ఉదయిస్తాడు. అంతకు పది రోజుల ముందు తూర్పుకు కాస్త దక్షిణంగా ఉదయిస్తాడు. సెప్టెంబరు 22, 23 ప్రాంతంలో మళ్ళీ సరిగా తూర్పు. అటుపైన పది రోజులకు, అంటే అక్టోబరు 2 నాటికి, మార్చిలో ఉన్న చోటికే తిరిగి వస్తాడు. ఆకాశంలో ఆ తావు ఒక్కటే, సూర్యుడు ఏడాదికి రెండు మార్లు దానిమీదుగా పోతాడు. కోవెల వాకిలి ఆ తావుకేసి తెరచి ఉన్నది. అక్కడ వాకిలే పంచాంగం. ఎవరో ఎప్పుడో ఎదుట ఒక రేకుల పందిరి అడ్డం వేస్తే చాలు, ఆ పంచాంగం చిరిగిపోతుంది.

కాలాన్ని వెలుగుతో కొలవడానికే కట్టిన కట్టడాలూ ఉన్నాయి. జైపూరులో సవాయి జయసింహుడు 18వ శతాబ్దంలో కట్టించిన జంతర్ మంతర్‌లోని సమ్రాట్ యంత్రం ఎత్తు సుమారు 27 మీటర్లు. దాని నీడ సెకనుకు దాదాపు ఒక మిల్లీమీటరు చొప్పున జరుగుతుంది. చూస్తూ నిలబడితే కాలం నడవడం కంటికి కనబడుతుంది.

ఇక నాదానికి గోలకొండ. క్రింద ద్వారపు గుమ్మటం నడుమ నిలబడి చప్పట్లు కొడితే, సుమారు 400 అడుగుల ఎత్తైన గుట్ట కొనన ఉన్న బాలాహిస్సారులో వినబడుతుంది. శత్రువు వస్తున్నాడని పైవాళ్ళకు తెలియడానికి ఆ ఏర్పాటు అంటారు. శబ్దం సెకనుకు 340 మీటర్లు పోతుంది గనుక, మనిషి పరుగెత్తి ఎక్కలేని ఆ మెట్లను చప్పట్ల మోత క్షణాల్లో ఎక్కేస్తుంది. బిజాపూరులో మహమ్మద్ ఆదిల్ షా సమాధి అయిన గోల్ గుంబజ్ ఇంకొక వింత. 1656లో పూర్తయిన ఆ గుమ్మటం వెలుపలి వ్యాసం దాదాపు 44 మీటర్లు. లోపలి వసారాలో ఒక ప్రక్క గుసగుసలాడితే ఎదుటి ప్రక్క వినబడుతుంది, ఒక్క కేక పలుమార్లు తిరిగి వస్తుంది. అద్భుతమే. కాని ఆ గుమ్మటం క్రింద నన్ను పాఠం చెప్పమంటే నేను చెప్పలేను. ఈ మాట గుర్తుంచుకోండి, మళ్ళీ దీని దగ్గరికే వస్తాను.

ఇక్కడ ఒక ఫిర్యాదు. 1952లో ఫ్రాన్సులోని షాంబోర్ కోటలో, గోడలమీద రంగుల దీపాలు వేసి, లౌడుస్పీకర్లలో చరిత్ర చెప్పే ప్రదర్శన మొదలైంది. ఆ పద్ధతి లోకమంతా ప్రాకి గోలకొండకూ వచ్చింది. చరిత్ర తెలియనివారికి అది ఉపయోగమే, కాదనను. అయితే తానే మాట్లాడగల కోటకు మనం మాటలు అరువిచ్చాము. చప్పట్లకు బదులు పలికే రాయి ప్రక్కనే లౌడుస్పీకరు నిలబెట్టాము. దానివల్ల, వెలుగూ శబ్దమూ కట్టడానికి తరువాత తగిలించే అలంకారాలు అన్న భావం మన మనస్సుల్లో స్థిరపడింది. మా మనవడి ఊహాభవనంలో ఉన్న లోపమూ ఇదే. గోడ కట్టేటప్పుడు మరచిపోయిన దాన్ని తరువాత తీగల ద్వారా తెచ్చుకోవడం.

*

కోటల మాట చాలించి నా బడి మాట చెబుతాను.

నేను ఉద్యోగంలో చేరిన తొలినాళ్ళలో మా ఉన్నత పాఠశాల బంగాళాపెంకుల పొడుగాటి కట్టడం. తాటి దూలాలు, సున్నపు గోడలు, మోకాలెత్తునుండి మొదలయ్యే కొయ్యచువ్వల కిటికీలు, ముందు వసారా. నా తరగతి పైకప్పులో వెలుతురు కోసం ఒకచోట గాజుపెంకు అమర్చారు. అందులోనుండి దిగే ఎండపొడ ఉదయం పడమటి గోడనుండి బయలుదేరి, సాయంకాలానికి నేల దాటి తూర్పున నల్లబల్ల క్రిందికి చేరేది. అది నల్లబల్ల కాలిని తాకిందంటే లాంగుబెల్లుకు వేళయిందని పిల్లలకు తెలుసు. వ్రేలాడగట్టిన రైలుపట్టా ముక్కను మా అటెండరు కొట్టకముందే పుస్తకాలు సంచులకెక్కేవి.

ఒక ఏడు ఆ ఎండపొడతో ఆట మొదలుపెట్టాము. వారానికొకసారి సరిగా ఒకే వేళకు మధ్యాహ్నపు పొడ చుట్టూ సుద్దముక్కతో గీత గీసేవాళ్ళం. సూర్యుడు ఉత్తరానికి మరలితే నేలమీది పొడ దక్షిణానికి మరలుతుంది. సంక్రాంతినాడు అది మరలుతుందని నేను పంచాంగంపై భరోసాతో చెప్పాను. ఒక ఆడపిల్ల గీతలు చూసి, "మాస్టారూ, అది మూడు వారాల క్రితమే మరలిందండీ" అన్నది. ఆ పిల్ల చెప్పిందే నిజం. సూర్యుడు నిజంగా ఉత్తరానికి మరలేది డిసెంబరు 21, 22 ప్రాంతంలో. అయనచలనం వలన శతాబ్దాల మీద మకర సంక్రమణం జనవరికి జరిగింది. భాషాపండితుడికి ఖగోళపాఠం చెప్పినది ఆరణాల గాజుపెంకు.

తరువాత ఆ కట్టడం పాతబడినదని కూల్చి కొత్తది కట్టారు. మేమంతా సంతోషించాము. వానకు కారని కాంక్రీటు శ్లాబు, అద్దం వంటి నున్నని నేల, నూనెరంగు వేసిన గోడలు, ట్యూబులైట్లు. రోడ్డుమీది లారీల మోతకు జడిసి ఇనుపరేకుల కిటికీలు ఎప్పుడూ మూసే ఉంచేవాళ్ళం. గాజుపెంకు లేదు గనుక ఎండపొడా లేదు. ఉదయం పదికీ, మధ్యాహ్నం మూడుకూ ఆ గదిలో తేడా ఉండేది కాదు.

ఆ ఏడే ఉక్తలేఖనంలో తప్పులు పెరిగాయి. ముందు వరుసల్లో అంతగా లేవు, వెనుక వరుసల్లో విపరీతం. చివరి బెంచీలో ఒక పిల్లవాడు ‘స్తంభం’ అన్నచోట ‘తంబం’ అనీ, ‘పక్షి’ అన్నచోట ‘పచ్చి’ అనీ వ్రాశాడు. ఒకటి రెండు మార్లు చెప్పి చూశాను. వాడు మారలేదు. పరధ్యానమని నిర్ణయించుకుని ఒకనాడు చెవి మెలిపెట్టాను. "వినపడదండీ" అన్నాడు. ఎదురు చెబుతున్నాడని ఇంకొంచెం మెలిపెట్టాను.

వేసవి ముందర ఒకనాడు కరెంటు పోయింది. చీకటిలో, ఉక్కపోతలో కూర్చోలేక పిల్లలను ఆవరణలోని వేపచెట్టు క్రిందికి తీసుకుపోయాను. అక్కడే ఉక్తలేఖనం చెప్పాను. కూర్చున్న వరుసలు మారలేదు, ఆ పిల్లవాడు చివరనే ఉన్నాడు. ఇరవై మాటల్లో వాడు తప్పినది ఒక్కటి.

పలక చేతిలో పట్టుకుని నేను చాలాసేపు మాట్లాడలేకపోయాను. నేను మెలిపెట్టిన చెవిలో ఏ దోషమూ లేదు. దోషం గదిలో ఉన్నది.

*

ఆ దోషానికి శాస్త్రం ఉన్నదని పదవీ విరమణ తరువాత చదువుకుని తెలుసుకున్నాను. 1895 ప్రాంతంలో అమెరికాలోని హార్వర్డు విశ్వవిద్యాలయంలో కొత్తగా కట్టిన ఒక ఉపన్యాసశాలలో ఎవరి మాటా ఎవరికీ అర్థమయ్యేది కాదు. సంగతేమిటో చూడమని వాలెస్ సబైన్ అనే యువ భౌతికశాస్త్ర అధ్యాపకునికి అప్పగించారు. ఆయన రాత్రులు మేలుకొని, ప్రక్క శాలలోని మెత్తటి దిండ్లు మోసుకువచ్చి పరచి, ధ్వని అణగిపోవడానికి ఎంతసేపు పడుతున్నదో కొలిచాడు. ఖాళీ శాలలో ఒక మాట అయిదున్నర సెకన్లదాకా గోడల నడుమ తిరుగుతూనే ఉండేది. ఈలోగా, నెమ్మదిగా మాట్లాడే వక్తయినా పన్నెండు, పదిహేను అక్షరాలు పలికేస్తాడు. మన లెక్కలో అది ఉత్పలమాల పాదంలో ముప్పాతిక వంతు. ముందటి అక్షరాలన్నీ చావక, తరువాతి అక్షరాలమీద పడి కొట్టుకుంటూ ఉంటాయి.

అచ్చులు బలమైనవి, హల్లులు సుకుమారమైనవి. మునుపటి అచ్చు తోక వచ్చి తరువాతి హల్లును కప్పేస్తుంది. ఒత్తులూ, సంయుక్తాక్షరాలూ ముందుగా చచ్చిపోతాయి. చంపకమాల పాదం నాలుగు లఘువులతో మొదలవుతుంది. అటువంటి గదిలో ఆ నాలుగు లఘువులూ కలిసి ఒక బురద. ‘స్తంభం’ ‘తంబం’ కావడంలో ఆశ్చర్యమేమున్నది? ఆ పిల్లవాడు తనకు వినబడినదాన్ని అక్షరాలా వ్రాశాడు. అంతకంటె శ్రద్ధ ఏముంటుంది?

సబైన్ చేసిన ఏర్పాటులో నాకు మిక్కిలి నచ్చినది ఆయన ఎంచుకున్న కొలమానం. శబ్దాన్ని పూర్తిగా మింగేది ఏది? తెరచిన కిటికీ. దానిగుండా వెళ్ళిన శబ్దం తిరిగి రాదు. కనుక ఇన్ని చదరపు మీటర్ల తెరచిన కిటికీకి సమానం అని లెక్కకట్టాడు. వెలుతురును లోనికి తెచ్చే కిటికీయే, శబ్దపు శేషాన్ని వెలుపలికి పంపుతుంది. ఎండపొడ రూపంలో కాలాన్ని చూపేదీ అదే. 

ఆయన సూత్రంతో మా కొత్త గదిని స్థూలంగా లెక్కవేసి చూశాను. 8 మీటర్ల పొడవు, 6 మీటర్ల వెడల్పు, 3.3 మీటర్ల ఎత్తు. నున్నని సిమెంటు తనమీద పడ్డ శబ్దంలో నూటికి మూడు పాళ్ళు మింగుతుందనుకుంటే, కిటికీలు మూసిన ఖాళీ గదిలో ధ్వని నాలుగున్నర సెకన్లు నిలుస్తుంది. నాలుగు కిటికీలు బార్లా తెరిస్తే రెండు సెకన్లకు దిగుతుంది. నలభైమంది పిల్లలు కూర్చుంటే, వాళ్ళ బట్టలూ దేహాలే శబ్దాన్ని మింగి, ఒక సెకను దగ్గరకు వస్తుంది. కిటికీలు మూస్తే మళ్ళీ పైకి. అమెరికాలో 2002లో వచ్చిన ప్రమాణం ప్రకారం ఈపాటి తరగతి గదిలో ధ్వని 0.6 సెకనుకు మించి నిలువరాదు. పెంకుటి కప్పు సందులూ, తెరచిన కిటికీలూ, వసారా కలిసి ఆ పనిని ఎవరూ అడగకుండానే చేసేవి. 

*

మిత్రులు కొందరు నన్ను పాతకాలపు మనిషి అనవచ్చు. పెంకుటిళ్ళకు తిరిగి పోదామని నేననడం లేదు. ఆ పెంకుల సందుల్లోనుండి వాన కారేది, తేళ్ళు రాలేవి. జడివాన పడితే పాఠం ఆపవలసి వచ్చేది. కాంక్రీటు శత్రువు కాదు. అద్దాల మేడలు కట్టగలిగినవాళ్ళం ఒక గదిని వినదగినదిగా కట్టలేమా అన్నదే నా ప్రశ్న. వాస్తు అనగానే ఈశాన్యం మూల గుర్తుకు వచ్చే కాలమిది. మెట్లు ఎటు తిరగాలన్నదానికి గోడలు పడగొట్టి మళ్ళీ కడతారు. మాట ఎటు పోతున్నదని అడిగినవాణ్ణి నేనింతవరకు చూడలేదు. 

చేయవలసినవి పెద్ద ఖర్చు పనులు కావు. గోడలు ఎండగానే, రంగులు వేయకముందే, ఖాళీ గది నడుమ నిలబడి ఒక్కసారి చప్పట్లు కొట్టి వినాలి. గోలకొండలో చప్పట్లు కొండ ఎక్కాలి. బడిగదిలో చప్పట్లు అక్కడికక్కడే చావాలి. పరీక్ష ఒక్కటే, ప్రయోజనాలు వేరు. మోత గింగురుమని తిరిగితే, వెనుక గోడకు కొబ్బరిపీచు చాపలో, గోనెపట్టాలో, పిల్లల బొమ్మలు గుచ్చుకునే మెత్తటి పలకలో అమర్చాలి. శ్లాబు క్రింద శబ్దాన్ని మింగే పలకలు వేయగలిగితే మరీ మేలు. కిటికీలు రోడ్డువైపు కాక ఆవరణవైపు పెట్టాలి, అప్పుడు వాటిని మూసుకోవలసిన అవసరం రాదు. ఎండా వానా కొట్టకుండా లోతైన చూరు దింపాలి. ఎక్కడో ఒకచోట ఒక చిన్న గాజుపలక వదలాలి. ప్రొద్దు ఎంత ఎక్కినదో పిల్లలు నేలమీద చూసుకుంటారు.

ఉపాధ్యాయులకూ ఒక మాట. వెనుక బెంచీ పిల్లవాడు తప్పు వ్రాస్తే, ముందు మీరు వెళ్ళి ఆ బెంచీలో కూర్చుని, మరొకరిచేత చదివించుకుని వినండి. నేను ముప్పై ఏళ్ళకు పైగా పాఠాలు చెప్పి, నల్లబల్ల దగ్గరనుండే నా గదిని విన్నాను. అక్కడనుండి వింటే ప్రతి గదీ మంచిదే. నేను చెవి మెలిపెట్టిన ఆ పిల్లవాడికి క్షమాపణ చెప్పే అవకాశం రాలేదు. ఈ టపా కొంత అందుకోసమే.

ఇక మనవడు అడిగిన పేరు. వాడు వెళ్ళిన వారానికి ఫోనులో చెప్పాను: గవాక్ష శైలి. గో, అక్షి కలిసి గవాక్షమైనదని, ఆవుకన్ను వంటి కిటికీ అని దానికి మామూలు అర్థం. అయితే గోశబ్దానికి నిఘంటువులలో కిరణమనీ, వాక్కనీ కూడ అర్థాలున్నాయి. కిరణానికీ వాక్కుకూ కన్ను వంటిది కిటికీ అని నా చమత్కారం. వైయాకరణులు మన్నింతురుగాక. వాడు పేరు బాగుందన్నాడు. "పేరు తరువాత చూద్దువుగాని నాయనా, ముందు నీ భవనంలో కరెంటు తీసివేసి, కిటికీలు తెరచి, ఒకసారి చప్పట్లు కొట్టి చూడు" అన్నాను. ఈసారి నవ్వలేదు. బొమ్మ మళ్ళీ గీస్తున్నాడట.

మీరు చదువుకున్న బడిగదిలో చివరి బెంచీకి మాట ఎలా వినబడేదో, ఎండపొడ ఎక్కడ పడేదో గుర్తుంటే వ్యాఖ్యలలో వ్రాయండి. చదవాలని ఉన్నది.